మసి పూసిన గదులు

ప్రియమైన అని రాయడానికి చెయ్యి రాని నా బావమరిదికి,

ఫోన్ చెయ్యకుండా ఉత్తరం ఏమిటంటావా? నీ గొంతు వింటే ఆ పూట నాకు తిండి సయించదు. కాగితమైతే నా గొంతు ఒక్కటే వినిపిస్తుంది, హాయి.

మన పాత ఆట మళ్ళీ అమ్మకానికి వస్తోంది. మన పాత కంపెనీని కొన్నవాళ్ళు నాకు కబురు పెట్టారు. అదే, ఖాళీ లాడ్జిలో గది గదీ తిరిగి తాళాలు వెతికే ఆట. నేను బొమ్మలు గీశాను, నువ్వు ప్రోగ్రాం రాశావు, చివర్లో నా బొమ్మల మీద ఇంత తారు పోశావు. ఇప్పుడు ఆడిచూసిన వాళ్ళందరిదీ ఒకటే గోల, ఏమీ కనిపించడం లేదని. ‘నల్లటి తెర మీద నా మొహమే కనిపించింది, దానికి మా ఇంట్లో అద్దం ఉంది’ అని రాశాడట ఒకాయన.

నేనూ పెట్టి చూశాను. పాత లావుపాటి తెరల మీద కనీసం తలుపెక్కడుందో తెలిసేది. ఈ కొత్త పల్చటి తెర మీద బొగ్గు గోతాంలో తల దూర్చినట్టుంది. ఆటలో వెలుగు పెంచే మీట ఉంది కదా, దాన్ని ఈ చివరి నుంచి ఆ చివరికి జరిపాను. మీట కదిలింది, చీకటి కదల్లేదు.

పాతికేళ్ళుగా నాకిదే రోత. కామెర్లొచ్చి మంచం పట్టినా, ఒళ్ళు కాలిపోతున్నా, చివరి గదులు మంచం మీదే గీసి పంపాను. లేచి ఆఫీసుకొచ్చి చూస్తే అంతా మసి. ‘మెషీన్ మోయలేకపోయింది బావగారూ’ అన్నావు. అప్పుడు సంచి సర్దుకుని బయటికొచ్చినవాణ్ణి, మళ్ళీ ఆ ఆట మొహం చూడలేదు.

వెలుతురు సంగతి తేలితే ఆట పెట్టె అట్ట మీద నేను గీసిన బొమ్మ వేసి, కింద నా పేరు పెద్ద అక్షరాల్లో వేస్తామంటున్నారు కొత్తవాళ్ళు. తారు పోసినవాడివి నువ్వు, తుడవాల్సిందీ నువ్వే. ఎలాగో రాయి. మీ అక్క కులాసా. ‘కాస్త మర్యాదగా రాయండి’ అంది. ఇదే నా మర్యాద.

నిన్ను చూడక సుఖంగా ఉన్న,
నీ బావ

*

గౌరవనీయులైన బావగారికి నమస్కారాలు.

మీ ఉత్తరం అందింది. ఇన్నేళ్ళకైనా తిట్టడానికి గుర్తొచ్చాను, అదే సంతోషం.

లోపం ఆటది కాదు, తెరది. ఆటలోని మీట పాత మెషీన్ల కోసం పెట్టింది, కొత్తవి దాని మాట వినవు. మీ తెర అడుగున చిన్న బటన్లుంటాయి, వాటితో వెలుగు పూర్తిగా పెంచండి. అదీ చాలకపోతే కంప్యూటర్లో రంగుల సెట్టింగులు తెరిచి, గామా అని ఉన్నదాన్ని కుడివైపుకి జరపండి. అంతకుమించి చేయగలిగిందేమీ లేదు. ఆ చీకటి బొమ్మల్లోనే కలిసిపోయింది, ఇప్పుడు విడదీయడం ఎవరి తరమూ కాదు.

ఇంకో మాట. ఆ చీకటే ఆటకి అందమని ఇష్టపడేవాళ్ళూ ఉన్నారు. అలాగే వదిలెయ్యమని కంపెనీవాళ్ళకి మీరే చెప్పకూడదా? మీ పేరు ఎలాగూ వేస్తారు. పాత గొడవలు అక్క ముందు ఎత్తకండి, అనవసరంగా మనసు పాడుచేసుకుంటుంది.

మందులు వేళకి వేసుకోండి. కోపం తగ్గించుకోండి, మీ లివర్‌కి మంచిది కాదు.

ఇట్లు మీ విధేయుడు,
బావమరిది

*

నా కళ్ళల్లో దుమ్ము కొట్టబోయిన బావమరిదికి,

నీ సలహా పాటించాను, బుద్ధి గడ్డితిని. తెర వెలుగు పెంచితే నలుపు కాస్తా బూడిదైంది. గామా జరిపితే గోడలకి సున్నం కొట్టినట్టయింది. లాడ్జి మేనేజరు మొహం వారం రోజులు పథ్యం చేసినవాడిలా పాలిపోయింది. ఆట మూసేసి మెయిల్ తెరిస్తే అదీ కళ్ళు పొడిచింది. ఇదేనా వైద్యం? ఛీ!

వీధి చివర కంప్యూటర్లు బాగుచేసే అమ్మాయిని పిలిచాను. ఆమె ఆట ఫోల్డరు తెరిచి, అందులో సెట్టింగుల ఫైలొకటి పట్టుకుంది. ‘గది వెలుగు’ అని ఒక వరుస, దాని పక్కన రెండు అనే అంకె. ‘ఎవరో కావాలనే తగ్గించినట్టున్నారు అంకుల్’ అని, రెండు తీసేసి పది పెట్టింది. అంతే! ఎవరి తరమూ కాదన్నావే, ఒక్క అంకెరా! పాతికేళ్ళు నా పని ఒక అంకె కింద పాతిపెట్టావు. నిన్ను తలుచుకుంటే ఒళ్ళంతా తేళ్ళు పాకుతున్నట్టుంది.

సరే, గదులు చూశాను. ముందు గది ఫర్వాలేదు. వరండా కాస్త తొందరపడి గీసినట్టున్నాను, స్తంభాలు కర్రల్లా నిలబడ్డాయి. ఆ తర్వాత వంటగది తలుపు తీశాను.

ఏం చెప్పను! సింకు మీద వేలాడే చేతిగుడ్డకి ఒక మూల మాత్రం తడి. పొయ్యి వెనక గోడకి నూనె మరక, ఎన్నిసార్లు తుడిచినా పోనిది. కిటికీలోంచి వచ్చిన ఎండ గిన్నె అంచు మీద పడి, అక్కణ్ణుంచి పైకప్పుకి వెళ్ళింది. ఎవరో చెయ్యి తుడుచుకుని ఇప్పుడే పక్కగదిలోకి వెళ్ళినట్టుంది. ఒంటి మీద స్పృహ లేకుండా గీశాను కదా, ఆ చెయ్యి నాదేనా అని నాకే అనుమానం వచ్చింది. నా జన్మలో ఇంత బాగా ఇంకేదీ గీయలేదు. దాని మీద తారు పోశావు! అసూయ కాకపోతే ఏమిటి ఇది?

అట్ట మీద ఆ వంటగదే వెయ్యమని, కింద నా సంతకం పెట్టమని కంపెనీకి రాస్తున్నాను. మీ అక్కని పిలిచి చూపించాను. చాలాసేపు నిలబడి, ‘పాలు పొంగుతాయి’ అని లోపలికి వెళ్ళిపోయింది. తర్వాత చూస్తే పొయ్యి మీద పాలూ లేవు, నీళ్ళూ లేవు. బొమ్మల రుచి తెలియని మనిషితో ఇన్నేళ్ళు కాపురం చేశాను, నా ఓపికకి దణ్ణం పెట్టుకోవాలి.

నీ మొహం చూడకుండానే అసహ్యించుకోగలుగుతున్న,
నీ బావ

*

బావగారూ,

కంపెనీకి ఆ ఉత్తరం పంపకండి. పంపేసి ఉంటే వెనక్కి తీసుకోండి. ఆ వంటగది మీరు గీసింది కాదు.

మంచం మీద నుంచి మీరు పంపినవి పెన్సిల్ గీతలు. వాటిలో తలుపేదో గోడేదో నాకు తెలియలేదు. మధ్యాహ్నం మందిచ్చి, మీకు నిద్ర పట్టాక అక్క ఆఫీసుకొచ్చేది. నా పక్కన కూర్చుని మౌస్ పట్టుకుని గీసేది. ఎక్కడ నేర్చుకున్నావంటే, ‘మీ బావ భుజం మీంచి చూసి’ అంది. మీరు లేచాక, అన్నీ మీరే గీశారనుకుంటుంటే కాదనలేకపోయింది. నన్నూ చెప్పొద్దంది. ‘మనిషి ఇప్పుడిప్పుడే తేరుకుంటున్నాడు, ఉండనీ’ అంది.

కానీ ఆటలో మీ వరండాలోంచి ఆమె వంటగదిలోకి అడుగుపెడితే రెండు చేతులూ తెలిసిపోతున్నాయి. ఏది మేలో కూడా తెలిసిపోతోంది. మీ సంగతి నాకు తెలియదా? విడుదల ముందు వెలుతురులో మీరు చూసి ఉంటే అన్నీ చించి పోగులు పెట్టేవారు. కంపెనీ మునిగేది, ఇంట్లో అక్కకి నరకమయ్యేది. అందుకే అన్నిటినీ కలిపి చీకటి చేశాను. చీకట్లో ఎవరి చెయ్యేదో తెలియదు కదా. మీరు అసూయ అన్నారు, పడ్డాను. మాట్లాడటం మానేశారు, పడ్డాను.

అక్కకీ ఇదంతా తెలుసు. ఆమె మంచి కోసమే చేశాను. తప్పు చేశానని నేను ఇప్పటికీ అనుకోవడం లేదు. దయచేసి ఆమెని ఏమీ అనకండి.

మీ
బావమరిది

*

తమ్ముడూ,

నీ ఉత్తరం మీ బావ రెండుసార్లు చదివి, నా చేతిలో పెట్టి, చెప్పులేసుకుని బయటికెళ్ళారు. అందుకే ఈసారి నేను రాస్తున్నాను.

‘అక్కకీ ఇదంతా తెలుసు’ అని రాశావు. ఏం తెలుసురా నాకు? గీసిన సంగతి తెలుసు. చీకటి నువ్వు కావాలని చేశావని తెలుసా? నాకూ మెషీన్ మోయలేకపోయిందనే చెప్పావు. పైగా ఏమన్నావో గుర్తుందా? ‘నువ్వు రంగులు మరీ ఎక్కువ దట్టించావక్కా, అందుకే మొత్తం తగ్గించాల్సి వచ్చింది’ అన్నావు. నువ్వు మర్చిపోయి ఉంటావు. నేను ఎలా మర్చిపోతాను? నా చెయ్యి పడి ఆయన పనంతా పాడైందనుకున్నాను. ఆయన కూర్చుని నిన్ను తిట్టినప్పుడల్లా ఆ తిట్లు నావేననుకుని కూరలు తరుగుతూ తల వంచుకున్నాను.

ఆ తర్వాత ఒక్క గీత గీయలేదు. మా పిల్లది బడి పుస్తకం తెచ్చి, ఏనుగు బొమ్మ వేసిపెట్టమ్మా అని కాళ్ళకి చుట్టుకుంటే, నాకు రాదే అన్నాను. అది ఏడుస్తూ నాన్న దగ్గరికి పోయింది.

మొన్న ఆయన వంటగది చూపించినప్పుడు నాకు ఏడుపొచ్చింది. ఇంత బాగుందా అనుకున్నాను. ఆయన దాన్ని తనదేనంటూ మురిసిపోతుంటే అక్కడ నిలబడలేకపోయాను. నీ ఉత్తరం చదివాక ఏడుపు కూడా పోయింది. కోపమైతే చల్లారుతుంది, ఇది కోపం కాదు, వెగటు. బాగుందని తెలిసే నువ్వు మసి పూశావు, మళ్ళీ అది నా మంచి కోసమంటున్నావు. నా మంచి ఏమిటో నన్నొక మాట అడిగితే నీ సొమ్మేం పోయేది?

ఆయన్నీ వదల్లేదులే. తిరిగొచ్చి, ‘సరే, అట్ట మీద నీ పేరే వేయిద్దాం’ అన్నారు, చీర కొనిపెడతానన్నట్టు. మీరు వేయించేదేమిటి, నేనే కంపెనీవాళ్ళకి రాసేశాను అన్నాను. ఏ గది ఎవరు గీశారో విడివిడిగా రాశాను. వరండా స్తంభాలు ఆయనవేనని కూడా రాశాను. ఇవాళ వంట ఆయనే చేస్తున్నారు, అడుగంటిన వాసన ఇక్కడిదాకా వస్తోంది. లేవబుద్ధి కావడం లేదు.

ఇక అసలు సంగతి. నిన్న కుర్చీ లాక్కుని ఆట ముందు నేనే కూర్చున్నాను. కింది గదులన్నీ తిరిగాను. మెట్లెక్కితే పైన ఇంకా కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి. అంకె పెంచితే కింద తెల్లబడిపోతోంది తప్ప పైన ఏ మార్పూ లేదు. ఆ కంప్యూటర్ల అమ్మాయి వచ్చి చూసి, పై అంతస్తు వెలుగు ఫైల్లో లేదు ఆంటీ, ప్రోగ్రాం లోపలే విడిగా కట్టేశారు, రాసినవాళ్ళే విప్పాలి అంది. అంటే నువ్వు.

ఆ పై గదులకి ఆయన పెన్సిల్ గీత ఒక్కటి కూడా లేదు. ఏదీ చూసి వేసింది కాదు, నాకు తోచిందే వేశాను. అందుకేగా అంత గట్టిగా కట్టావు? వాటిలో ఏం వేశానో ఇప్పుడు నాకే గుర్తు లేదు. కిటికీ ఒకటి పెట్టినట్టు గుర్తు. దాని అవతల ఏం గీశానో ఎంత తన్నుకున్నా గుర్తుకు రావడం లేదు.

అది ఎలా విప్పాలో రాసి పంపు. క్షమించమనీ, నా బాగు కోసమేననీ ఒక్క ముక్క కలిపావంటే చదవకుండా పొయ్యిలో పెడతాను. విప్పే పద్ధతి మాత్రం పంపు, చాలు. ఆ కిటికీలోంచి నేను చూడాలి.

అక్క