భుజం మీది గొర్రె

అనంతగిరి,
జులై 9, 1959

నా సుమిత్రకు,

మీ తమ్ముడు బీరన్న నన్ను బాగానే చూసుకుంటున్నాడు. గొర్రెల వెనక తిప్పి తిప్పి కాళ్లు అరగదీస్తున్నాడు. "బడిల కూసొని కూసొని మెత్తవడ్డవు బావా, జర నడువు" అని ఎగతాళి. పగలంతా గుట్ట ఎక్కి దిగుతుంటే రాత్రి కంటిమీద కునుకు పడుతోంది. ఇక్కడ నన్నెవరూ "సార్" అనరు, అదే పెద్ద మందు.

ఇక దాచలేను. జ్వరమని నీతో చెప్పి సెలవు పెట్టి వచ్చాను కానీ, నాకు వచ్చింది జ్వరం కాదు. ఎక్కం తప్పు చెప్పిందని మూడో తరగతి జంగమ్మను చెంప మీద కొట్టాను. నాపరాళ్ల గనిలో కూలి బిచ్చయ్య కూతురు. ఆ పిల్లకు ఎడమ చెవి వినబడకుండా పోయింది. బడి మానేసింది. బిచ్చయ్య వచ్చి జగడమైనా పెట్టుకోలేదు. "మా బిడ్డదే తప్పయ్యుంటది సారూ" అని దండం పెట్టి పోయాడు. ఆ దండమే నన్ను తినేస్తోంది. అందుకే ఆ తర్వాత సుద్దముక్క పట్టలేకపోయాను. ఉద్యోగం మానేస్తాను. ఇక్కడే పది గొర్రెలు పెట్టుకుని బతుకుదాం. నన్ను అసహ్యించుకోకు.

నీ ఎల్లప్ప

అనంతగిరి,
ఆగస్టు 11, 1959

సుమిత్రా,

నువ్వు జవాబు రాయలేదు. నీ కోపం న్యాయమే.

ఆ ఉత్తరం వేసిన మూడోనాడు ఒక గొర్రె పక్కవాళ్ల చేనులో దూరుతుంటే రాయి విసిరాను. కాలు విరిగింది. చూశావా, అడవికొచ్చినా ఈ చేతికి బుద్ధి రాలేదు. బీరన్న తిట్టలేదు. వెదురు బద్దలు కట్టి, దాన్ని తెచ్చి నా భుజాల మీద వేశాడు.

"గిదేందిరా?" అన్నాను.

"మనోళ్ల తరీక మరిచినవా బావా? ఎవని దెబ్బ తాకితె వాడే మొయ్యాలె, అది నడిచేదాంక."

నిజమే, మా నాయన కూడా అలాగే మోసేవాడు. చదువు నెత్తికెక్కి మరిచిపోయాను. ఇరవై రోజులకు పైగా మోశాను, వానలో, బురదలో. మొదట్లో అది నా మెడ మీద వణికిపోయేది. నా చేతిలో ఆకు ముట్టేది కాదు. ఎనిమిదో రోజున ముట్టింది. నేను ఏడ్చాను. బీరన్న చూసీ చూడనట్టు బీడీ ముట్టించుకున్నాడు. ఇప్పుడది కుంటుతూ నడుస్తోంది.

ఈ గుట్ట నాకు కాస్త ధైర్యం ఇచ్చింది. ఆ ధైర్యాన్ని గొర్రెల మధ్య దాచుకుని కూచుంటే ఏం లాభం? గురువారం తాండూరులో రైలు దిగి ముందు బిచ్చయ్య ఇంటికి వెళ్తాను, తర్వాతే మనింటికి. వాడకట్టంతా వినేలా తప్పు ఒప్పుకుంటాను. ఉద్యోగం ఉంటే ఉంటుంది, పోతే పోతుంది. జంగమ్మ బడికి రానంటే వాళ్ల గుమ్మంలోనే చదువు చెప్తాను, ఆ పిల్లకు కుడిపక్క కూచుని. నన్ను చూసి భయపడి ఏడిస్తే లేచి వచ్చేస్తాను. మర్నాడు మళ్లీ వెళ్తాను.

నువ్వు తలుపు తీస్తే,
నీ ఎల్లప్ప