తోడల్లుడి మట్టిగోడ

ఆగస్టు 11, సోమవారం
ఉదయం

చిరంజీవి తమ్ముడికి,

పెద్దల్లుడు దీవించి రాస్తున్న ఉత్తరం. ఇక్కడ నేనూ, మీ వదినా, అత్తగారూ క్షేమం. అక్కడ నువ్వూ మరదలూ పిల్లలూ కులాసాగా ఉన్నారని తలుస్తాను. ఏడు నెలలుగా మాట్లాడని మనిషి ఇవాళ ఉత్తరం ఎందుకు రాశాడా అని నువ్వు కవరు అటూ ఇటూ తిప్పి చూసే ఉంటావు. ఫోనులో అయితే నువ్వు మధ్యలో అందుకుని "సరేలే అన్నయ్యా, పోనిద్దూ" అంటావు. నువ్వలా అన్నావంటే నేను ఫోను పెట్టేస్తాను. అందుకని కాగితం.

ముందు కబుర్లు. ఇక్కడ నాలుగు రోజులు తెరిపి లేకుండా వాన పడింది. అత్తగారి వీధి వెనక కొండవాలుకు నువ్వు కట్టిన గోడ వెంట్రుకవాసి కూడా కదల్లేదు. ఈ మాట నీకు ఇప్పటికే పదిమంది చెప్పి ఉంటారు. నేను పదకొండోవాణ్ణి. కాకపోతే ఆ పదిమందీ సంతోషంగా చెప్పి ఉంటారు. నాకు సంతోషం కలగలేదు తమ్ముడూ. అది చెప్పడానికే కూర్చున్నాను.

నువ్వంటే నాకు కడుపుమంట. ఇది నిన్నా మొన్నటిది కాదు, నువ్వు ఆ ఇంటికి అల్లుడివై వచ్చిన నాటిది. అంతకు ముందు పదేళ్ళు ఆ ఇంట్లో నేనొక్కణ్ణే అల్లుణ్ణి. తలుపు గడియ ఊడినా, చూరు కారినా నాకే కబురు. నా రాతిపని చూసే మామగారు నాకు పిల్లనిచ్చారు. తర్వాత నువ్వొచ్చావు, చంకలో చుట్టిన నక్షాలతో, చెవి మీద పెన్సిలుతో. అత్తగారు నిన్ను "చదువుకున్న అల్లుడు" అని పిలవడం మొదలుపెట్టింది. అంటే నేను చదువులేని అల్లుణ్ణా? ఆ మాట ఆవిడ ఎన్నడూ అనలేదు, నేనే విన్నాను. నీ చేతిరాత బాగుంటుందని కుళ్ళుకున్నాను. నువ్వు తుమ్మినా చప్పుడు కాదని కుళ్ళుకున్నాను. చివరికి మీ వదిన కూడా ఓ రోజు, "మీ తమ్ముణ్ణి చూసి నేర్చుకోండి, తడి తువ్వాలు మంచం మీద పడెయ్యడు" అంది. ఆ పూట నేను అన్నం ముట్టలేదు. ఎందుకని ఆవిడకు ఈనాటికీ తెలీదు.

అయినా ఒక్క ధైర్యం ఉండేది. ఆ వీధి వెనక వాలును ఆపి నిలబెట్టింది నా రాతిగోడ. నువ్వు ఆ ఇంటి గడప తొక్కక ముందే కట్టాను. అత్తగారి వంటగది కిటికీ తెరిస్తే అదే కనపడేది. నిరుడు వానలకు అది ముందుకు ఉబ్బి దానికి పొట్ట వచ్చింది. రెండు రాళ్ళు ఊడి, పక్కింటి కుట్టుమిషనావిడ పెరట్లో పడ్డాయి. మనుషులకేమీ కాలేదు, బట్టలారేసే తీగ తెగింది, అంతే. పట్టణం ఆఫీసు నుంచి ఇంజినీరమ్మ వచ్చి చూసి, విప్పెయ్యాలంది. కొత్త గోడ పని నీ జట్టుకు ఇచ్చింది.

ఆ సాయంత్రం నువ్వు మా ఇంటికొచ్చావు. గుమ్మంలోనే నిలబడి, "అన్నయ్యా, నువ్వూ రా, కలిసి చేద్దాం" అన్నావు. వలలు పరిచి మట్టికి బట్టలు తొడిగే పని నాకు చేతకాదని చెప్పి తలుపు వేసేశాను. తలుపు వేశాక నువ్వు కాసేపు అక్కడే నిలబడ్డావు. నీ చెప్పుల చప్పుడు కోసం నేనూ లోపల నిలబడే ఉన్నాను.

ఆ మర్నాటి నుంచి నా కాపురమంతా ఆ వాలుకు ఎదురుగా ఉన్న టీ దుకాణంలోనే. నా గోడ రాయి రాయీ దిగడం చూశాను. నా ఉలి దెబ్బ నాకు దూరం నుంచే తెలుస్తుంది. తర్వాత నీ పని మొదలైంది. జానెడు మందాన గరుకు మట్టి పోయించావు, రోలరుతో అదిమించావు. మళ్ళీ జానెడు, మళ్ళీ అదమడం. ఆ పైన నల్లటి ప్లాస్టిక్ వల, వాలులోకి పద్నాలుగు అడుగుల మేర సాగదీసి పరిపించావు. దాని మీద మళ్ళీ మట్టి. ముందువైపు పేర్చిన సిమెంటు దిమ్మెల్ని చూస్తే నాకు పిల్లల ఆటబొమ్మల్లా కనిపించాయి. "చేపలు పట్టే వలతో మా తోడల్లుడు కొండను పడతాడట" అన్నాను. దుకాణంలో అందరూ పడీ పడీ నవ్వారు. ఆ నవ్వుతో నాకు రెండు రోజులు కడుపు నిండిపోయింది.

ఇంకొకటి కూడా చెప్పేస్తాను. ఓ ఆదివారం పని లేనప్పుడు గునపం పట్టుకుని వెళ్ళాను. పక్కవైపు ఓ వల కొస బయటికి కనిపిస్తోంది. దాని మీద అప్పటికి రెండడుగుల మట్టి కూడా లేదు. గునపానికి ఆ కొస చుట్టి, కాలు తన్నిపెట్టి, నా బలమంతా పెట్టి లాగాను. రాలేదు. మళ్ళీ లాగాను. గునపం జారి నేను వెల్లకిలా పడ్డాను. నడుం పట్టేసింది. స్నానాలగదిలో జారానని మీ వదినతో చెప్పాను, పది రోజులు కాపడం పెట్టించుకున్నాను. ఆ పది రోజులూ మంచం మీద ఒకటే ఆలోచన. వల మట్టిని పట్టుకోవడం లేదు, మట్టే వలను పట్టుకుంటోంది. ఎంత బరువు పడితే అంత గట్టిగా. నేను ముప్ఫై ఏళ్ళు బయట నిలబడి కొండను నెట్టాను. నువ్వు కొండ చేతే కొండను ఆపించావు. అర్థమైన కొద్దీ మంట ఎక్కువైంది గాని తగ్గలేదు.

ఇప్పుడు వాన సంగతి. నాలుగో రోజు పొద్దున్నే గొడుగు తీసుకుని, ఏదో పని చూసొస్తానని ఇంట్లో చెప్పి బయల్దేరాను. నీ గోడ పడిపోవడం చూడ్డానికి వెళ్ళాను తమ్ముడూ. దాని కింద అత్తగారి వంటగది ఉందని తెలిసే వెళ్ళాను. పడాలని కోరుకున్నాను. రాసింది కొట్టెయ్యను.

గోడ పడలేదు. అడుగున నువ్వు పెట్టించిన గొట్టాల్లోంచి నీళ్ళు తేటగా, కుళాయి విప్పినట్టు దూకుతున్నాయి. నేనక్కడ అలా నిలబడి ఉంటే అత్తగారు కిటికీలోంచి కేకేసింది. "అంత వానలో గోడకేసి ఏం చూస్తున్నావయ్యా, లోపలికి రా, తల తుడుచుకో" అని. వెళ్ళాను. పొడి తువ్వాలిచ్చింది, టీ పెట్టింది. నా మొహం చూసి, పాత గోడ పోయిందని దిగులనుకుంది కాబోలు, ఓదార్చబోయింది. "'అన్నయ్య పనితనంలో లోపం లేదత్తయ్యా, వెనక నీళ్ళు చేరాయి, ఎవరి గోడైనా అంతే' అని పాత గోడ విప్పిన రోజే చిన్నల్లుడు నాతో చెప్పాడు, ఆఫీసు కాగితంలోనూ అలాగే రాశాడట" అంది.

టీ గ్లాసు కింద పెట్టేశాను. నేను గునపంతో నీ గోడ పీకుతున్న రోజుల్లో నువ్వు నా గోడ పరువు కాపాడుతున్నావన్నమాట. మంచితనంలో కూడా నన్ను ముందుకు పోనివ్వవా అనిపించింది. నా బుద్ధి అంతే, అప్పుడు కూడా అక్కడికే పోయింది.

నీకు తెలియనిది ఒకటుంది. నువ్వు పని ముగించి వెళ్ళిపోయాక ఆఫీసువాళ్ళు ఆ కాగితం చదివి, ఆ నీళ్ళు ఎక్కడివని ఆరా తీశారు. కొండ మీది మంచినీళ్ళ ట్యాంకు కారి ఉంటుందని తేల్చారు. అక్కడ వాల్వు తిప్పే మనిషిని ఏప్రిల్లో పనిలోంచి ఆపేశారు. ఆయన రోజూ మా టీ దుకాణానికే వస్తాడు. "ఒక్క చుక్క కారలేదండీ, ఇరవై రెండేళ్ళుగా చూస్తున్నాను" అని కనిపించినవాడికల్లా చెబుతాడు. ఎవరూ వినరు. నాకూ చెప్పాడు. నేను టీలో చెంచా తిప్పుతూ కూర్చున్నాను.

సరే. నీ గోడ బాగుంది. ఈ మూడు ముక్కలు రాయడానికి నాకు నాలుగు పేజీలు పట్టింది. వీలు చూసుకుని మరదల్నీ పిల్లల్నీ తీసుకుని రా. ఈసారి తలుపు తీసే ఉంచుతాను.

ఇట్లు,
నీ మీద కుళ్ళు ఇంకా పూర్తిగా పోని
అన్నయ్య

తా.క. మధ్యాహ్నం రెండు గంటలు. పైదంతా కవరులో పెట్టి అంటించి, పోస్టు డబ్బా దాకా వెళ్ళి, వెయ్యలేక వెనక్కి తెచ్చి కవరు చింపాను. నాలుగు పేజీల్లోనూ అసలు సంగతి రాయలేదు.

నా గోడ వెనక నీళ్ళు చేరింది ట్యాంకు వల్ల కాదు. కట్టినప్పుడు నీళ్ళు బయటికి పోవడానికి నేనూ గొట్టాలు పెట్టాను, పంతొమ్మిది. వాన పడ్డప్పుడల్లా వాటిలోంచి ఎర్రనీళ్ళు దిగి రాయి మీద చారలు కట్టేవి. ఐదేళ్ళ కిందట నువ్వు ఆసుపత్రి గోడ కట్టావు గుర్తుందా? అది చూసొచ్చిన అత్తగారు అందరి ముందూ, "చిన్నల్లుడి గోడ మీద మచ్చుకైనా మరక లేదు" అంది. ఆ వారమే నిచ్చెన వేసుకుని, సిమెంటులో రాతిపొడి కలిపి, పంతొమ్మిది గొట్టాల మూతులూ పూడ్చేశాను. బయటికి అతుకు తెలియలేదు. కాని గోడ విప్పినవాడికి తెలియకుండా ఉండదు. నువ్వు చూశావు. చూసి, నీళ్ళు చేరాయని మాత్రం రాసి ఊరుకున్నావు.

డబ్బా దగ్గర్నుంచి ఇంటికి రాలేదు, ముందు ఇంజినీరమ్మ ఆఫీసుకు వెళ్ళాను. అంతా చెప్పాను. ఆవిడ నా ఎదుటే వాల్వు మనిషికి ఫోను చేసి ఎల్లుండి నుంచి పనిలోకి రమ్మంది. ఇకమీదట పట్టణం పనులు నాకు ఇవ్వరట. సరేనన్నాను. లేవబోతుంటే, "విప్పినప్పుడు మీ తమ్ముడుగారికి ఇది కనపడలేదా?" అని అడిగింది.

"నేనేసిన అతుకు మళ్ళీ నాకే కనపడదండీ, వాడికేం కనపడుతుంది" అన్నాను. ఆవిడ నమ్మినట్టు లేదు, అయినా అదీ రాసుకుంది.

ఇవాళ నేనాడిన అబద్ధం అదొక్కటే. దాన్ని కూడా సరిచెయ్యడానికి నువ్వు బయల్దేరి రాకు.