షోలవరం పందెంలో అరిగిన ప్లగ్గు

అల్లూరు, 1964 ఫిబ్రవరి, సోమవారం

మడ్‌గార్డులు పీకేసి చక్రాలు బయటపెట్టిన డొక్కు కారుతో మా మరిది మద్రాసు దగ్గర షోలవరంలో అఖిలభారత కుర్రవాళ్ళ కార్ల పందేనికి పోయి ఈరోజు తిరిగొచ్చాడు. పొలానికి నీళ్ళు తోడే ఇంజను స్పార్కు ప్లగ్గు తన కారుకి ఊడదీసుకుపోతాడని నాకు ముందే తెలుసు. అందుకే మంచిది దాచి, అరిగినది బిగించి ఉంచాను. అనుకున్నట్టే దాన్నే పట్టుకుపోయాడు. ఆ మర్నాడే మంచిది పెట్టించి మడులు తడిపించాను.

“రెండో చుట్టులోనే ఆగిపోయినాది వదినా. ఏం ప్లగ్గు మీది, ఒట్టి దండగ!” అన్నాడు సిగ్గులేకుండా.

“దొంగిలించిన దానికి వంకలు కూడానా అబ్బాయా?”

“అట్టా ఆగంగానే ఎనకొచ్చే కారు నా చక్రాన్ని రాసుకుంటా పోయినాది. వెంట్రుకవాసిలో బతికినాను,” అని నవ్వాడు.

వెధవ. వాడు రెండుసార్లు పెట్టించుకుని తిన్నాడు. అరిగినది బిగించిన నాకే ముద్ద దిగలేదు.