మా ఇద్దరి సీసాలలో ఉన్నదేమిటో చెప్పించండి

ఓహాకా నగరంలో మందుల పరీక్షలను పర్యవేక్షించే అధికారి గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: పరీక్ష నిమిత్తం మా దంపతులకు ఇచ్చిన రెండు సీసాలలో ఉన్నది మందో, పిండో వెంటనే తెలియజేయించుట గురించి.

మసాతెక్ కొండలలో కాఫీ తోట చేసుకుని బతుకుచున్న ఎలీహియో సెర్కేదా అను నేను విన్నవించుకొనునది ఏమనగా:

1. పోయిన వానాకాలంలో కొండచరియ విరిగి, మా ఒక్కగానొక్క కొడుకు ఫిదెన్సియో కాఫీ బస్తాలతో సహా లోయలోకి పోయినాడు. శవం దొరకలేదు. అది మొదలు నా భార్య నతివిదాద్ పొయ్యి ముందు కూర్చుండిపోయి, మాట మానివేసినది.

2. ఇటువంటి దుఃఖానికి మా ఊళ్లో పుట్టగొడుగులు కలవు. మేము వాటిని ఆ పేరున పిలువము, "చిన్నవాళ్లు" అందుము. వైద్యురాలు ఎపిఫానియా అవ్వ చీకటిలో కూర్చుండబెట్టి, పాడుతూ తినిపించును. నతివిదాద్ ఒప్పుకొనలేదు. "అవి తింటే వాడు కనబడతాడయ్యా. ఆ బురదలో ఎట్లా ఉన్నాడో నేను చూడలేను" అని ఆ ఒక్క మాట మాత్రం అన్నది.

3. అటు పిమ్మట నగరం నుండి డాక్టర్ రెనాటా ఒబ్రెగోన్ గారు వచ్చినారు. పట్నంలో చదువుకున్నవాళ్లు ఇప్పుడు మా చిన్నవాళ్లనే ఎండబెట్టి, పొడి కొట్టి, చిటికెడు కూడా కానంత పొడిని మాత్రలో పెట్టి పొద్దున్నే మింగి ఆఫీసులకు పోవుచున్నారట. దిగులు తగ్గునట. అది పొడి మహిమో, తగ్గుతుందన్న నమ్మకం మహిమో తేల్చుటకు ఈ పరీక్ష. కొందరికి పొడి, కొందరికి ఉత్త బియ్యప్పిండి. ఎవరికేదో ఇచ్చే డాక్టరుకు సైతం తెలియరాదు. తెలియకుండా ఉండుటకు ఇంత చదువు చదవవలెనా అని నాకు తోచినది. "ఇంత కొంచెంలో ఏమీ కనబడదమ్మా" అని ఆమె మాట ఇచ్చినందుననే నతివిదాద్ తలూపినది. నన్నూ చేర్చుకుని, చెరొక మాత్రల సీసా ఇచ్చినారు.

4. మా తప్పు ఇక్కడ జరిగినది. చిన్నవాళ్లను ఒంటిగా తినుట మాకు లేదు. ఆడా మగా జంట చేసి నోట వేసుకోవలెను, లేకున్న దారి తప్పింతురు. సీసాలు విడివిడిగా ఉండుట చూసి నా భార్య ఓర్వలేక, రెంటినీ ఒకే సొరడొప్పలో కుమ్మరించి కలిపివేసినది. రోజూ చెరొకటి తీసి ఇద్దరమూ ఒకేసారి మింగితిమి. తెలిసిన నాడు డాక్టరమ్మ తల పట్టుకున్నది. "ఎంత పని చేశారు పెద్దాయనా! ఇక ఎవరు ఏది తిన్నారో దేవుడే చెప్పాలి" అని మమ్ములను పరీక్ష నుండి తొలగించి, మిగిలినవి పట్టుకుపోయినది.

5. ఇక నా గోడు. మా కొండల్లో మగవాళ్లు ఈలతో మాట్లాడుకొందురు. ఈ వాలు నుండి ఆ వాలుకు కేక అందదు, ఈల అందును. ఆడవాళ్లకు అర్థమగును గాని వారు ఈల వేయరు. మాత్రలు మొదలుపెట్టిన కొన్నాళ్లకు, మంచు దిగే వేళ, లోయ నుండి ఈల వచ్చినది. చివర్న కాస్త వణికే ఈల. మా ఫిదెన్సియోది.

"విన్నావా?" అన్నది నతివిదాద్. చిన్నవాళ్లను వద్దన్న నాటి తర్వాత నాతో అదే మొదటి మాట.

"గాలే."

"గాలి 'అమ్మా, దారి కనబడట్లేదు' అంటుందా? జవాబియ్యవయ్యా! నేను వెయ్యకూడదు సరే, నీ నోరేమైంది?"

వేసినాను. "ఇటు రా" అని వేసినాను. ఏ తండ్రి వేయడు?

అప్పటినుండి ఆమె వండుచున్నది, తినుచున్నది, నన్ను తిట్టుచున్నది. కాని ప్రతి సాయంత్రం కొండచరియ విరిగిన అంచుకు ఇంకొంచెం దగ్గరగా పోవుచున్నది. "కిందికి పోతే బాగా వినబడుతుంది" అంటుంది. నేను శాలువా కొస పట్టుకుని వెనుక నిలబడుచున్నాను. అయ్యా, నాకు చాలా భయంగా ఉంది.

6. ఎపిఫానియా అవ్వ కాళ్ల మీద పడితిని. "పాట లేకుండా తలుపు తీసి వదిలేశార్రా! మందు వల్ల వచ్చినవాడైతే పాడి సాగనంపుతాను. పిండి తిని విన్నారంటే మాత్రం నా చేతిలో లేదు. ముందు అది కనుక్కుని రా, పో" అన్నది.

కావున తమరు ఆ రహస్యం విప్పించి, ఏ ఒక్క సీసాలోనైనా మందు ఉన్నదని సెలవిచ్చినచో అవ్వ పాడును, నా భార్య నాకు దక్కును. వానలు ముదరకముందే తమరు నా మొర చిత్తగించవలెను.

తమ విధేయుడు,
ఎలీహియో సెర్కేదా

తా.క.: అర్జీ మడిచేలోపే డాక్టరమ్మ ఫోన్ చేసింది. ఆ రహస్యం విప్పేశారట. మా రెండు సీసాల్లోనూ బియ్యప్పిండేనట. "సంతోషించండి, మీ ఒంట్లోకి ఏ మందూ పోలేదు" అంది. నతివిదాద్‌కి చెప్పాను. ఏడుస్తుందనుకున్నాను. "అయితే నిజంగా వాడే" అంది, శాలువా కప్పుకుని గుమ్మంలో నిలబడింది. ఇప్పుడే ఈల వచ్చింది, నాకూ వినబడింది. ఈసారి వాడు పిలుస్తున్నది నన్ను. నేను పలికితే వాడు మళ్లీ బదులిస్తాడు, ఆ ఈల వెంట ఆమె లోయలోకి దిగుతుంది. అయ్యా, తమరి జవాబు వచ్చేదాకా ఆగమని కన్నకొడుక్కి ఎట్లా చెప్పను?