రోడ్డుకట్టకు గండి

1964 నవంబరు, గురువారం రాత్రి
వాకాడు

ఏరు పొంగింది. కొత్త రోడ్డుకు పోసిన మట్టికట్ట ఆ నీళ్లను సముద్రంలోకి పోనివ్వక పాలెం మీదికే తోసింది. పొద్దున పాలెం పెద్ద పోలయ్య వచ్చాడు.

"ఇళ్లల్లోకి నీళ్లొచ్చేసినాయి నర్సమ్మా. కట్ట తెంచాల. నువ్వొద్దంటే ఆగిపోతాం."

ఈ ఊరి నర్సుగా రోడ్డు కోసం అధికారుల చుట్టూ తిరిగింది నేనే. పోయినేడు అతని కూతురు కాన్పు కష్టమై, ఆసుపత్రికి తీసుకుపోతుంటే పడవలోనే నా చేతుల్లో పోయింది.

"నీ బిడ్డను చూసే కదన్నా రోడ్డు అడిగింది?" అన్నాను.

"పోయిన బిడ్డ పోయింది. ఉన్న బిడ్డల్ని కాపాడుకోవాల గదమ్మా."

"తెంచండి" అన్నాను.

మధ్యాహ్నానికి నీళ్లు తీశాయి. రోడ్డు మళ్లీ అడగాలి, ఈసారి నీటికి దారి విడిచి వేయమని. వాళ్లు ఎప్పటికి వేస్తారో. పోలయ్య కోడలికి ఈ నెలలోనే కాన్పు. ప్రభువా, రోడ్డు పడేదాకా మళ్లీ ఆ పడవే...