బల్ల మీద నీ వేళ్ళు

అక్కా,

రేపటికి నువ్వు పోయి ఏడాది. నువ్వు చేసిన టేకు బల్ల ఇన్నాళ్ళూ మీ మల్కాజ్‌గిరి ఇంటి బాల్కనీలో ఉత్త చెక్కగానే ఉండిపోయింది. గ్లాసు పెడితే మరక పడుతుందని ఎవరినీ దాని దగ్గరికి రానిచ్చేదానివి కాదు. రంగు వేద్దామనుకునేసరికి నువ్వు ఆస్పత్రిలో ఉన్నావు.

బావ దాని మీద మైకా షీటు అంటిస్తానన్నాడు. చెక్క గీతలు కనబడాలన్నది నీ పట్టుదల. అందుకే నిన్న నేనే, గీతలు కప్పేయకుండా చెక్కకి పట్టే రంగు, స్టెయిన్ డబ్బా కొనుక్కుని వెళ్ళాను.

గుడ్డ ముంచి గీతల వెంబడే రుద్దితే రంగు చెక్కలోకి చక్కగా ఇంకింది. ఒక్క మూల దగ్గర మాత్రం ఇంకలేదు. అక్కడ నాలుగు తెల్లటి మచ్చలు తేలాయి. అతుకులు పెట్టేటప్పుడు జిగురు చేత్తోనే అక్కడ పట్టుకున్నట్టున్నావు, జిగురు అంటిన చోట రంగు పట్టదు. అవి నీ వేళ్ళు.

“రేగ్మాల్ కాయితం పెట్టి రుద్దితే పోతయి గదా,” అన్నాడు బావ.

“నేను పోనియ్య బావా.”

“మరి ఆ మూల గోడ దిక్కు పెడదాం. అందరికీ కనబడుడెందుకు?”

దానికీ ఒప్పుకోలేదు. రెండో పూత వేశాను. చుట్టూ రంగు చిక్కబడి అవి ఇంకా తేటగా కనిపించాయి.

ఈ పొద్దున వెళ్ళేసరికి బల్ల హాల్లో ఉంది. ఆ మూల కిటికీ వైపే ఉంది. దాని పక్కనే కుర్చీ వేసుకుని బావ చాయ్ తాగుతున్నాడు.

“ఆరింది బావా, గ్లాసు పెట్టుకో,” అన్నాను.

“మీ అక్క తిడతది,” అన్నాడు, గ్లాసు చేతిలోనే పట్టుకుని.