అక్క వీణ ఇచ్చేశాను

అక్కా,

నువ్వు పోయి నేటికి ఏడాది. ఈ ఉత్తరం నువ్వు చదవవని తెలుసు కాబట్టే నిజం రాస్తున్నాను.

నీ చివరి శిష్యురాలు బాలమణి పొద్దున వచ్చింది. పాశమైలారం మందుల ఫ్యాక్టరీలో డ్యూటీ దిగి నేరుగా మన ఇంటికే వచ్చింది. "మేడమ్ వీణ జెరసేపు వాయించుకుంటనక్కా" అంటే కాదనలేకపోయాను.

నువ్వు కట్టిన రాగమే ఎత్తుకుంది. స్టవ్ మీద పాలు గిన్నె అంచు దాకా పొంగి, అక్కడే నిలిచిపోయాయి. ఆమె తీగల మీంచి చెయ్యి తీసేదాకా కదల్లేదు.

నాన్న పొద్దుగూకే దాకా కూడా ఉండడని డాక్టరు అన్న రోజు నువ్వు వాయించింది ఈ రాగమే. తమ్ముడు సంగారెడ్డిలో బస్సు దిగి వచ్చేదాకా పొద్దు గూకలేదు, నాన్న పోలేదు. అందరూ నీకు దండం పెట్టారు. పక్కన తంబూరా మీటుతున్న నన్నెవరూ చూడలేదు. కాలం గురించి నువ్వు రాసిన పుస్తకాలన్నీ చదివాను. ముప్పై ఏళ్లు సాధన చేశాను. నా చేతికి కాలం ఒక్క క్షణమైనా ఆగలేదు.

"పాలు గట్లనే ఆగినయేందక్కా?" బాలమణి బెదిరిపోయింది.

"నేనే మంట తగ్గించిన," అన్నాను.

నమ్మింది. వీణ ఇక నీదే, ఇంటికి తీసుకుపో అన్నాను. ఏడుస్తూ కాళ్లకు మొక్కింది.

"మీది గూడ మేడమ్ లెక్కనే పెద్ద మనసక్కా" అంది.

ఇంకోసారి ఈ ఇంట్లో ఆమె వాయిస్తే వినలేకే ఇచ్చేశాను. నీకొక్కదానికే చెబుతున్నాను.

నీ చెల్లెలు